మూడోసారి అడగలేదు

రెండుసార్లే అడిగింది, సరిగ్గా రెండుసార్లు, అడిగి లేచి నిలబడింది, ఎక్కడైనా ఉందా ఇది, ఇంటికొచ్చిన మనిషి, చేతిలో మిఠాయి పెట్టెతో వచ్చిన మనిషి, చెప్పులు గుమ్మం దగ్గర విప్పి బుద్ధిగా సోఫా అంచున కూర్చున్న మనిషి, రెండుసార్లడిగి ఊరుకుంటుందా, మూడోసారి అడిగితే నోరు నొప్పి పుడుతుందా, టీ తాగండని అన్నా మూడుసార్లంటారు, దోసకాయ ముక్క తీసుకోండని అన్నా మూడుసార్లంటారు, ఇదేమో సినిమాలో వేషం, అందులోనూ మొదటి సీను నుంచి చివరి సీను దాకా ఉండే వేషం, హెష్మత్ రూద్‌బారీ అనే నటుడికి డెబ్బై ఆరేళ్ల జీవితంలో, తొంభై దాటాక లెక్కపెట్టడం మానేసిన సినిమాల్లో ఏనాడూ దొరకని పెద్ద వేషం, దాన్ని రెండుసార్లడిగి, సరే ఉస్తాద్, మిమ్మల్నింక ఇబ్బంది పెట్టను అని తలమీద రుమాలు సర్దుకుని, కోటు అందుకుంది, ఆ కోటు కూడా హెష్మతే వెనకనుంచి పట్టుకుని తొడిగాడు, చేజేతులా, లిఫ్టు దాకా వెళ్లి సాగనంపాడు, మీ పాదం మా కంటిమీద తల్లీ, మళ్లీ రావాలి అన్నాడు, లిఫ్టు తలుపు మూసుకుంది, పరస్తూ అనే ఆ పిల్ల దర్శకురాలు దిగి వెళ్లిపోయింది, అప్పుడుగానీ అతనికి తెలియలేదు, మూడోసారి ఇక రాదని.

ఆమె కూర్చున్నచోట దిండు ఇంకా నొక్కుకునే ఉంది, సగం తాగిన టీ గ్లాసు బల్లమీదే ఉంది, హెష్మత్ దానికెదురుగా కూర్చుని, ఒలిచిన నారింజ చేతిలో పట్టుకుని, తనేం తప్పు మాట్లాడాడో మొదట్నించీ నెమరు వేసుకుంటున్నాడు, తప్పేమీ కనబడలేదు, అంతా పద్ధతి ప్రకారమే జరిగింది, ఆమె మొదటిసారి అడిగింది, నేనెంత తల్లీ, మూలన పడున్న ముసలాణ్ణి, మీ సినిమాకి నేను దిష్టిచుక్కలా ఉంటాను అన్నాడు, అది ఎవరైనా అనే మాటే, ఆమె రెండోసారి అడిగింది, మోకాళ్లు సహకరించవమ్మా, ఎవరైనా దిట్టమైనవాణ్ణి చూసుకో, నువ్వు పంపిన కథ కూడా చదవడానికి కళ్లు ఆనక నాలుగు పేజీలు తిరగేసి పెట్టేశాను అన్నాడు, అదీ అనాల్సిన మాటే, అది అబద్ధమని తెహ్రాన్‌లో పాలు తాగే పిల్లకైనా తెలుస్తుంది, కథ అంతా అతనికి కంఠతా వచ్చు, పాడైపోయిన పడవ ఇంజన్ని తోపుడుబండి మీద పెట్టుకుని, బాగుచేసేవాడి కోసం సముద్రం ఒడ్డు వెంబడి ఊరూరా తిరిగే ముసలి జాలరి కథ, ఆ జాలరి మాటలే కాదు, పక్కవాళ్ల మాటలు కూడా వచ్చు, స్నానాల గదిలో నీళ్లు వదిలి ఆ చప్పుడు చాటున అన్నీ అప్పజెప్పుకున్నాడు, జాలరి చలిలో ఇంజన్ మీద తన కోటు కప్పే సీను దగ్గర ఆగి కుళాయి కట్టేశాడు, ఎందుకంటే వాళ్ల నాన్న, ఆయనా జాలరే, అంజలీ రేవులో తన పడవ ఇంజన్‌కి అలాగే కప్పేవాడు, బిడ్డకి కప్పినట్టు, మూడోసారికి జవాబు కూడా సిద్ధంగా పెట్టుకున్నాడు, నువ్వింతగా అంటుంటే నీ మాట నేలన పడేయలేను తల్లీ, చేతనైనంత చేస్తాను, ఈ వాక్యం నాలుక చివర కూర్చుని ఉంది, ఇప్పటికీ అక్కడే కూర్చుని ఉంది.

పోతూ పోతూ ఆ పిల్ల ఇంకో మాట అంది, అదే ముల్లులా గుచ్చుకుంటోంది, ఉస్తాద్, నేను కాదంటే కాదని నమ్మేవాడు నాకీ రోజుదాకా కనబడలేదు, మా ఇంట్లోవాళ్లు, నిర్మాతలు, అందరూ నా కాదుని అవునుగా మార్చుకోవచ్చనే అనుకుంటారు, అందుకే నేనొకటి పెట్టుకున్నాను, ఎదుటివాళ్లు వద్దంటే వద్దనే వింటాను, బతిమాలి పెద్దవాళ్లని హింసపెట్టను అంది, ఎంత మర్యాదగా చెప్పింది, కళ్లలో ఎంత గౌరవం, ఆ గౌరవం తన పీకమీద కత్తి అని ఆమెకెవరు చెబుతారు, కోపం తెచ్చుకుందామంటే రావడంలేదు, పిల్ల చెప్పినదాంట్లో తప్పులేదు, తను చేసినదాంట్లోనూ తప్పులేదు, ఇద్దరూ మర్యాదస్తులే, మధ్యలో వేషం గంగలో కలిసింది, సరే మరైతే బహాదూర్ గారిని అడిగి చూస్తాను అని కూడా అంది, బహాదూర్, ఎవరి పేరు వినకూడదో ఆ పేరే.

వంటింట్లోంచి వెల్లుల్లి, కాల్చిన వంకాయ వాసన వస్తోంది, గరిట చప్పుడు కావాల్సినదానికన్నా గట్టిగానే వస్తోంది, తలత్ అంతా వినే ఉంటుంది, నలభై తొమ్మిదేళ్ల కాపురంలో ఆ మనిషి విననిదేముంది, వచ్చి గుమ్మంలో నిలబడింది, చేతులు తుడుచుకుంటూ, అయిందా పెళ్లి అంది, ఏ పెళ్లి అన్నాడు, నీ మర్యాదకీ నీ మొండితనానికీ అంది, తలత్, ఇప్పుడు మొదలుపెట్టకు అన్నాడు, నేనేం మొదలుపెట్టాను, వారం నుంచీ స్నానాలగదిలో నీళ్లన్నీ పారబోసి సముద్రంతో మాట్లాడుతున్నది నేనా, ఆ పిల్ల అడిగితే మోకాళ్లంటావు, పొద్దున్నే రొట్టెల కొట్టుదాకా పరిగెత్తేటప్పుడు లేవా ఆ మోకాళ్లు, పెళ్లిచూపులప్పుడూ ఇంతే, మా నాన్న టీ ఇస్తే వద్దన్నావు, మళ్లీ ఇస్తే వద్దన్నావు, ఈ కుర్రాడు ఏదీ ఆశించడు అని మురిసిపోయి టీకి బదులు నన్నిచ్చేశాడు అంది, అని నవ్వింది, నవ్వి మళ్లీ సీరియస్‌గా, ఫోన్ చెయ్యి, కావాలని చెప్పు, అంతే అంది, అడుక్కోమంటావా అన్నాడు, అడగమంటున్నాను, అడుక్కోడానికీ అడగడానికీ తేడా తెలీని మనిషివి నటుడివెలా అయ్యావో అని లోపలికెళ్లిపోయింది.

ఎలా అయ్యాడు, ఎలా అయ్యాడంటే వరసగా వద్దంటూనే అయ్యాడు, లాలెజార్ వీధి నాటకాల హాల్లో తెర లాగే పనిలో ఉండగా ఒకరోజు ముసలి రాజు వేషగాడికి జ్వరమొచ్చింది, ఒరేయ్ నువ్వెక్కు అన్నారు, నేనా, అయ్యయ్యో అన్నాడు, ఎక్కించారు, పైకి కాదంటూ లోపల అవునంటే పని జరుగుతుందని ఆ రోజు నేర్చుకున్నాడు, ఆ తర్వాత సినిమాలు, కాఫీ హోటల్లో కత్తిపోటు తిని పడేవాడు, పడేముందు హీరో పేరు పిలిచేవాడు, ఆ పిలుపు కూడా తనది కాదు, ఎవరో స్టూడియోలో గొంతిచ్చేవాడు, పెళ్లికూతురి మేనమామ, ఠాణా జవాను, మంచి వంటవాడు, చెడ్డ వంటవాడు, అందరూ వద్దువద్దంటూ ఉంటే బలవంతాన చేతిలో పెట్టినవే, తర్వాత విప్లవమొచ్చి రోజులు మారాయి, పాత సినిమాల మొహాలన్నిటినీ ఒక ఆఫీసుకి పిలిచారు, బల్ల వెనక గడ్డం కుర్రాడు కూర్చుని, ఇక ముందు కూడా నటించాలని ఉందా అని అడిగాడు, ఒక్కసారే అడిగాడు, నాదేముంది నాయనా, నేనెంత, మీకెలా సబబనిపిస్తే అలా అన్నాడు హెష్మత్, ఆ కుర్రాడికి అతను నటించకపోవడమే సబబనిపించింది, రాసేసుకున్నాడు, పక్కగదిలో అదే ప్రశ్నకి ఉందండీ, ఇంట్లో పిల్లలున్నారండీ అన్నవాళ్లు ఏడాదిలో మళ్లీ తెరమీదకొచ్చారు, తను మాత్రం టాక్సీ తోలాడు, ఆ టాక్సీలోనూ ఇదే గోల, దిగేవాళ్లు ఎంతండీ అంటే అందరు డ్రైవర్లూ అన్నట్టే మీకంటే ఎక్కువా, ఉంచండి అనేవాడు, మిగతా డ్రైవర్ల దగ్గర లేదులే తీసుకో అని చేతిలో పెట్టేవాళ్లు, తన దగ్గర మాత్రం సినిమా మనిషి అభిమానంతో అంటున్నాడనుకుని దణ్ణం పెట్టి నవ్వుతూ దిగిపోయేవాళ్లు, ఇప్పుడు తలుచుకుంటే నవ్వొస్తోంది, అప్పుడు బండి పక్కకాపి స్టీరింగ్ మీద తల పెట్టుకున్న రోజులున్నాయి.

అన్నీ మర్చిపోవచ్చు, గుర్రం సినిమా ఒక్కటే మర్చిపోలేడు, యుద్ధంలో ఊరిమీద బాంబులు పడుతున్న రోజులు, నిషేధం పోయి మళ్లీ చిన్నాచితకా వేషాలు మొదలైన కొత్త, తనూ బహాదూరూ ఒకే గదిలో ఒకే కేటిల్లో టీ తాగేవాళ్లు, బహాదూర్‌ది అబాదాన్, దక్షిణాదివాడు, గొంతు పెద్దది, మనసులో ఉన్నది నోట్లో ఉంటుంది, ఆ దర్శకుడు, పాపం పోయాడు, ఇద్దర్నీ ఎదురుగా కూర్చోబెట్టి, కొండల్లో తిరుగుబాటు చేసే రౌతు వేషం మీ ఇద్దరిలో ఎవరికివ్వను, మీరే చెప్పండి అన్నాడు, హెష్మత్ గుండె గంతులేసింది, ఆ రౌతు తనే, తనకి తెలుసు, అయినా నోరు తనపని తను చేసింది, బహాదూర్ ముందు నేనెంతండీ, వాడు చేస్తే ఆ వేషానికే అందం అంది, అని ఆగాడు, ఇప్పుడు బహాదూర్ అనాలి, ఒట్టు, హెష్మత్ ఉండగా నేనా అనాలి, అప్పుడు తను మళ్లీ కాదనాలి, అలా కాసేపయ్యాక దర్శకుడే ఎటో తేల్చాలి, అది కదా పద్ధతి, బహాదూర్ తొడ చరిచి, నీ చెయ్యి చల్లగా ఉండాలిరా హెష్మత్, మాటంటే అదీ అన్నాడు, అయిపోయింది, ఆ సినిమాతో బహాదూర్‌ని జనం భుజాలమీద మోశారు, అదే సినిమాలో హెష్మత్ గుర్రపువాడు, బహాదూర్ ఎక్కేటప్పుడు కళ్లెం పట్టుకుని నిలబడేవాడు, రోజూ ఎవరూ చూడకుండా ఆ గుర్రానికి చక్కెర బిళ్లలు తినిపించేవాడు, బహాదూర్‌ని మాత్రం ఆ తర్వాత ఏ పండక్కీ తనంతట తను పలకరించలేదు, వాడే పలకరిస్తే నవ్వేవాడు, నవ్వుతూ లోపల దొంగా అనుకునేవాడు, తెలిసి తెలిసి తీసుకున్నావు కదరా, నా కాదు ఎలాంటి కాదో నీకు తెలీదా, ఒకే కేటిల్లో టీ తాగినవాడివి కదరా అనుకునేవాడు, అలా అనుకుంటూనే ముసలివాడైపోయాడు.

ఫోన్ మోగింది, పరస్తూ అనుకుని నారింజ కింద పడేసి మరీ ఎత్తాడు, ఒరేయ్ హెష్మత్ అని అబాదాన్ గొంతు గది నిండా పరుచుకుంది, బతికే ఉన్నావా, ఎవరో పిల్ల ఫోన్ చేసిందిరా, పరస్తూ అట, జాలరి వేషమట, నువ్వొద్దన్నావని చెప్పింది, ఒంట్లో బానే ఉందా, బానే ఉంది నీ దయవల్ల అన్నాడు హెష్మత్, మరెందుకొద్దన్నావు, కథ విన్నాను, నాకైతే పిచ్చెక్కింది, నేను చేస్తానని చెప్పేద్దామనుకున్నాను, మళ్లీ నిన్నో మాట అడుగుదామని ఆగాను, నిజంగానే వద్దా అన్నాడు బహాదూర్, ఇదిగో, మూడోసారి, దేవుడు ఈ దొంగ నోటితో మూడోసారి అడిగిస్తున్నాడు, చెప్పు, కావాలని చెప్పు అని లోపల ఎవరో అరుస్తున్నారు, హెష్మత్ నోరు తెరిచాడు, నీ ముందు నేనెంత బహాదూర్, అది నీకే నప్పుతుంది అంది ఆ నోరు, వంటింట్లో గరిట చప్పుడు ఆగిపోయింది.

సరేలే, నాకర్థమైంది అన్నాడు బహాదూర్, ఉన్నట్టుండి గొంతు తగ్గించి, మొహమాటపడకు, నాకంతా తెలుసు, గుర్రం సినిమాకీ ఇంతే కదా, ఏం తెలుసు అన్నాడు హెష్మత్, నీకు గుర్రమంటే భయమని, ఆ ముందురోజు లాయం దగ్గర అది తుమ్మితే నువ్వు మూడడుగులు ఎగిరి గోడకి కొట్టుకున్నావు చూడు, అప్పుడే అనుకున్నాను, అందుకే ఆయన అడిగినప్పుడు పాపం వీడు పైకి చెప్పుకోలేక నామీదికి తోస్తున్నాడులే అని టక్కున ఒప్పేసుకున్నాను, నిన్ను ఇంకా సాగదీసి నలుగురిలో పరువు తియ్యడమెందుకని, ఒట్టు, ఈ రోజుదాకా ఒక్కడికి చెప్పలేదు, మా ఆవిడక్కూడా, ఇప్పుడేమో సముద్రం, నీళ్లన్నా భయమేనట్రా అన్నాడు, అంజలీ రేవులో పుట్టినవాణ్ణి పట్టుకుని, నడవడానికి ముందే ఈత నేర్చినవాణ్ణి పట్టుకుని నీళ్లంటే భయమా అన్నాడు, హెష్మత్‌కి నవ్వాలో ఏడవాలో తెలియలేదు, తను ముప్పై ఏళ్లపైన దొంగా దొంగా అనుకున్న మనిషి అన్నాళ్లూ తన పరువు కాపాడుతున్నాననుకుంటూ కడుపులో పెట్టుకుని తిరిగాడు, లేని పరువుని, లేని భయం నుంచి, మరి గుర్రమంటే భయం లేదు, నీళ్లంటే లేదు, బాంబులు పడుతుంటే మేడమీద నిలబడి చూసిన మొండోడు, ఏంటి మరి, నోరెందుకు ఇలా ఎదురు తిరుగుతుంది.

ఎక్కడినుంచో లాలెజార్ హాలు వాసనొచ్చింది, దుమ్ము, పౌడరు, కిరసనాయిలు, పంతొమ్మిదేళ్లు తనకి, ఇంకా రాజుగాడికి జ్వరం రాలేదు, ఇంకా ఎవరూ ఎక్కమనలేదు, అంతకుముందు ఒకరోజు, ఈ రోజుని ఎన్నడూ తలుచుకోడు, హాలు యజమాని నటులందరితో కూర్చుని పుచ్చకాయ తింటుంటే దగ్గరికెళ్లి, చేతులు వెనక్కి పెట్టుకుని, అయ్యా నాకూ ఒక వేషం ఇప్పించండి అని అడిగాడు, తిన్నగా, ఏ వంకరా లేకుండా, యజమాని గింజలు ఉమ్మి, తెర లాగేవాడికి తెర ముందేం పనిరా, ముందా ముక్కు ఎక్కడ దాస్తావో చెప్పు అన్నాడు, అందరూ నవ్వారు, పుచ్చకాయ ముక్కలు పట్టుకుని పొట్టలు పట్టుకుని నవ్వారు, హెష్మత్ కూడా నవ్వాడు, అందరికన్నా గట్టిగా, తమాషాకి అడిగాను లెండి అన్నాడు, వెళ్లి తెర తాడు పట్టుకున్నాడు, ఇక అంతే, మళ్లీ ఏదీ ఎవర్నీ అడగలేదు, అడగకపోతే కాదనేవాళ్లుండరు, వచ్చింది వచ్చినట్టు, పోయింది పోయినట్టు, ఎంత హాయి, దానికి ఊరంతా మర్యాద అని పేరు పెట్టింది, పెద్దమనిషి అంది, తనూ నమ్మాడు, సిగ్గేసింది హెష్మత్‌కి, ఆ పిల్లని చూసి కాదు, బహాదూర్‌ని చూసి కాదు, ఆ తాడు ఇంకా పట్టుకునే ఉన్నందుకు.

బహాదూర్ అని పిలిచాడు హెష్మత్, నాకు గుర్రమంటే భయం లేదురా, మరి అన్నాడు బహాదూర్, ఆ వేషం నాకు కావాలనే అనుకున్నాను, ప్రాణం పోయేంత కావాలనుకున్నాను, ఇదీ కావాలి అన్నాడు హెష్మత్, దానికి బహాదూర్, ఒక్క మాట అంటే దిగి ఇచ్చేసేవాణ్ణి కదరా గాడిదా, ఈ నడుం నొప్పి ఆ గుర్రం పెట్టిందే అన్నాడు, ఇద్దరూ నవ్వారు, నవ్వు ఆగాక బహాదూర్, కానీ ఇది దిగివ్వను, ఇది నాకూ కావాలి, నీకు అబద్ధం చెప్పను, నాకు ఇదే ఆఖరిది, నీకూ ఇదే, ఆ పిల్లకి ఫోన్ చేసి కావాలని చెప్పు, నేనూ చెబుతాను, ఎవణ్ణి తీసుకుంటుందో తీసుకోనీ అన్నాడు, అలాగే అన్నాడు హెష్మత్, ఎదురు మర్యాద ఒక్కటీ రాలేదు నోటికి.

పరస్తూ ఫోన్ ఎత్తేసరికి వెనక కార్ల హారన్లు, మీకు శ్రమ ఇస్తున్నానమ్మా, మీ విలువైన సమయం అని నోరు మొదలెట్టబోయింది, పళ్ల మధ్య పట్టి ఆపాడు, అమ్మాయీ, ఆ జాలరి వేషం నాకు కావాలి అన్నాడు, ఉస్తాద్, ఇందాక మోకాళ్లన్నారు, అబద్ధం, కథ చదవలేదన్నారు, అదీ అబద్ధమే, మొత్తం వచ్చు, ఎక్కడడిగినా చెబుతాను, ఆమె, ఇప్పుడే బహాదూర్ గారు కూడా కావాలని మెసేజ్ పెట్టారండీ, ఆయన్ని కాదనాలంటే అంది, ఇక్కడ, సరిగ్గా ఇక్కడ, అయితే ఆయనకే ఇవ్వమ్మా అనే మాట సిద్ధంగా ఉంది, ఎన్నోసార్లు కూర్చుని అలవాటు పడ్డ బల్లలా పిలుస్తోంది, వంటింటి గుమ్మంలో తలత్ గరిట పట్టుకుని నిలబడింది, అయినా నాకే కావాలి అన్నాడు హెష్మత్, సరే ఉస్తాద్, రేపు ఇద్దరూ రండి, ఇద్దరి చేతా ఆ బండి తోయించి చూస్తాను, ఎవరు బావుంటే వాళ్లే, మొహమాటం లేకుండా చెప్పేస్తాను, కోపం తెచ్చుకోకూడదు మరి అంది, ఈ వయసులో పరీక్ష, నిన్నకాక మొన్నటి పిల్ల ముందు, బహాదూర్ పక్కన నిలబడి, వస్తాను అన్నాడు, పెట్టేశాడు, ఏమంది అని తలత్ అడుగుతోంది, ఏమందంటే రేపు కాదంటుందేమో, ముక్కు చూసి నవ్వుతుందేమో, నవ్వనీ, ఆ పుచ్చకాయ రోజు తర్వాత ఇన్నేళ్లలో హెష్మత్ రూద్‌బారీని ఎవరూ కాదనలేదు, కాదనే అవకాశం అతనెవరికీ ఇవ్వలేదు కాబట్టి, ఇచ్చింది ఈ రోజే, కాదన్న మాట విని కూడా తను చచ్చిపోడని, రేపు తిన్నగా నిలబడి వింటాడని, విన్నాక కూడా ఆ వేషం తనకి కావాలనే ఉంటుందని అతనికి తెలిసింది.